జీడితోట అమ్మి కెమెరా కొనాలా?

ప్రశ్న: అమ్మా, నమస్కారం. నా వయసు 29. మాది శ్రీకాకుళం జిల్లా ఉద్దానం. పలాసలో చిన్న ఫొటో స్టూడియో నడుపుతున్నాను. ఎనిమిదేళ్ళుగా పెళ్ళిళ్ళకూ, ఇతర శుభకార్యాలకూ వీడియోలు తీస్తున్నాను. పనిలో మంచి పేరుంది కానీ మనసు ఇందులో లేదు. కొండలు ఎక్కేవాళ్ళ మీద, అడవుల మీద తీసిన డాక్యుమెంటరీలు రాత్రుళ్ళు కూర్చుని చూస్తుంటాను. అమెరికాలో తాడు లేకుండా కొండ ఎక్కినాయన మీద జిమ్మీ చిన్ తీసిన సినిమా పదిసార్లు చూసి ఉంటాను. నాకూ అలాంటి జీవితం కావాలని ఉంది. మాకున్న జీడితోటలో నా వాటా అమ్మి మంచి కెమెరా, పెద్ద లెన్సు, డ్రోను కొని హిమాలయాలకు వెళ్ళాలనుకుంటున్నాను. ఈ మాట చెప్పిన రోజు నుంచి మా నాన్న నాతో మాట్లాడడం లేదు. నా భార్య వద్దనదు, సరేననదు. రెండేళ్ళ పాప ఉంది. ఇన్‌స్టిట్యూట్‌లో చదవకుండా ఈ రంగంలోకి రావచ్చా? బతుకుతెరువు ఉంటుందా? ఇక్కడే ఉండి ఏదైనా తీద్దామంటే మా ఊళ్ళో ఏముంది, జీడితోటలు, ఎలుగుబంట్ల భయం తప్ప? పోయిన ఏడాది జీడిపిక్కలు ఏరుతుంటే బావి దగ్గర ఎలుగు నిలబడింది. మా నాన్న నూనెడబ్బా వాయించి దాన్ని పంపించారు. ఇలాంటి చోట ఏం సినిమా తీయగలను?
– ఒక పాఠకుడు, పలాస

సమాధానం: మీ ఉత్తరం మడిచి పక్కన పెట్టాక కూడా అందులోని ఒక్క సంగతి నన్ను వదలలేదు. బావి దగ్గర ఎలుగుబంటి, డబ్బా వాయిస్తున్న మీ నాన్నగారు. ఊళ్ళో ఏమీ లేదని చెప్పడానికి మీరు ఆ మాట రాశారు. నాకు మాత్రం మీ సినిమా అక్కడే కనబడింది. కాసేపాగి దాని దగ్గరకే వస్తాను.

ముందు తోట సంగతి. అమ్మకండి. ముప్ఫై ఏళ్ళుగా డాక్యుమెంటరీలు తీస్తున్నాను, భూమి అమ్మి కెమెరాలు కొన్న కుర్రవాళ్ళను కళ్ళారా చూశాను. కొత్త మోడల్ రాగానే కెమెరా పాతబడుతుంది. జీడిచెట్టు ఏటా కాపుకొస్తుంది. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను మీ ఉద్దానాన్ని ఊడ్చిపెట్టింది. కొబ్బరీ జీడీ నేలకూలిన ఆ తోటలను మీ నాన్నగారి తరం మళ్ళీ నిలబెట్టుకున్నది ఎంత కష్టపడితేనో మీకు నేను చెప్పనక్కరలేదు. ఆయన మౌనంలో ఆ కష్టం ఉంది. అది మీ ఆశ మీద కోపం అనుకోకండి. పెద్ద లెన్సులు విశాఖలో, హైదరాబాదులో రోజు లెక్కన అద్దెకు దొరుకుతాయి. పెళ్ళిళ్ళు తీస్తున్న మీ కెమెరా మొదటి సినిమాకు చాలు. మంచి మైకు ఒకటి, గట్టి ట్రైపాడ్ ఒకటి, రెండు హార్డ్ డిస్కులు కొనుక్కోండి. ఫుటేజీ ఎప్పుడూ రెండు చోట్ల ఉండాలి, ఆ రెండు చోట్లూ ఒకే ఇంట్లో ఉండకూడదు. ప్రస్తుతానికి పెట్టుబడి ఇంతే.

మీరు మీ పనిని చిన్నచూపు చూస్తున్నారు, అది నాకు నచ్చలేదు. జీలకర్రా బెల్లం తలమీద పెట్టే క్షణం రెండోసారి రాదు. పురోహితుడి భుజం అడ్డొచ్చినా, వధువు మేనమామ ఫోను పట్టుకుని సరిగ్గా మీ ముందుకొచ్చి నిలబడినా, కరెంటు పోయినా ఆ షాట్ మీరు తెచ్చి తీరాలి. తెల్లవారుజాము మూడు గంటల ముహూర్తానికి రాత్రంతా మేలుకుని, బ్యాటరీలు లెక్కపెట్టుకుని, ఎవరు ఎటునుంచి వస్తారో ముందే ఊహించి నిలబడతారు. తల్లి కన్నీళ్ళు పెట్టుకోబోతున్నదని ఆమె ముఖం చూసి రెండు క్షణాల ముందే పసిగట్టి కెమెరా అటు తిప్పుతారు. అడవిలో కెమెరా పట్టుకునేవాళ్ళకు కావలసిన విద్య ఇదే. ఏ ఇన్‌స్టిట్యూట్‌లోనూ ఎనిమిదేళ్ళ పాటు వారానికి రెండుసార్లు ఈ సాధన చేయించరు.

అయితే పెళ్ళి వీడియో నేర్పిన కొన్ని అలవాట్లు మానుకోవాలి. అన్నిటికన్నా పెద్దది పాట. పెళ్ళి వీడియోలో ఏ దృశ్యానికైనా పైన ఒక పాట వేస్తారు, కింద అసలు చప్పుడు చచ్చిపోతుంది. అడవి సినిమాకు చప్పుడే ప్రాణం. ఎలుగుబంటికి పైవరుసలో ముందు పళ్ళు రెండు ఉండవు. ఆ సందులోంచి పుట్టలోని చెదలను పీల్చుకు తింటుంది. చీకట్లో ఆ పీల్పు చాలా దూరం వినబడుతుంది. జంతువు కనబడకుండా, ఆ చప్పుడొక్కటే తోటలో వినబడుతుంటే చూసేవాడి రోమాలు నిక్కబొడుచుకుంటాయి. దాని మీద వయొలిన్లు పెడితే మిగిలేది వయొలిన్లే.

రెండో అలవాటు ఏదీ వదలకపోవడం. పెళ్ళి వీడియోలో పెదనాన్న గారి అల్లుడు కనబడకపోతే మాట వస్తుంది కాబట్టి అందరినీ పెడతారు. ఇక్కడ వదిలేయడమే పని. ఫ్రాంక్ హర్లీ అనే ఆస్ట్రేలియా ఛాయాగ్రాహకుడు 1914లో షాకిల్టన్ అనే అన్వేషకుడి బృందంతో అంటార్కిటికా బయలుదేరాడు. వాళ్ళ ఓడ ఎండ్యూరెన్స్ మంచులో చిక్కుకుని, నెలల తరబడి నలిగి, 1915 నవంబరులో మునిగిపోయింది. అది పూర్తిగా మునగక ముందే హర్లీ నీళ్ళు నిండిన ఓడలోకి దిగి, గడ్డకట్టే చలిలో మునిగి, డబ్బాల్లో భద్రపరచిన గాజు నెగటివ్‌లను పైకి తెచ్చాడు. ప్రాణాలకు తెగించి తెచ్చుకున్నవి. కానీ అన్నీ మోసుకెళ్ళడం కుదరదు. అతనూ షాకిల్టనూ మంచు మీద కూర్చుని ఒక్కొక్కటీ వెలుతురుకు పట్టి చూసి, సుమారు 120 ఉంచుకున్నారు. మిగిలిన 400 దాకా పలకలను అక్కడికక్కడే పగలగొట్టారు, తర్వాత మనసు మారి వెనక్కి రాకుండా. ఎడిటింగ్ టేబుల్ దగ్గర మీకు ఎంతో ఇష్టమైన షాట్ తీసేయలేక చేతులు ఆగిపోయినప్పుడు ఆ మంచు మీది ఇద్దరినీ గుర్తు చేసుకోండి. నేను చేసుకుంటాను.

ఇక జిమ్మీ చిన్. ఆయన సినిమా పదిసార్లు చూశానన్నారు, ఆయన జీవితాన్ని కూడా ఒకసారి చూడండి. తల్లిదండ్రులు చైనా నుంచి అమెరికా వచ్చి గ్రంథాలయాల్లో పనిచేసినవాళ్ళు. కొడుకు కాలేజీ చదువు అయ్యాక కొండల వెంట పడితే వాళ్ళూ బాధపడ్డారు. ఆయన ఏళ్ళ తరబడి పాత కారులో పడుకుంటూ కొండలెక్కాడు. మొదటి ఫొటో తీసింది స్నేహితుడి కెమెరాతో. అది 500 డాలర్లకు అమ్ముడుపోతే, ఆ డబ్బుతో సొంత కెమెరా కొనుక్కున్నాడు. వరుస చూడండి: ముందు కొండ తెలుసు, తర్వాత ఫొటో వచ్చింది, ఆ తర్వాతే కెమెరా వచ్చింది. మీరు దీన్ని తలకిందులు చేయబోతున్నారు.

ఆయన ఎక్కిన కొండల్లో ఒకటి మన దేశంలోనే ఉంది. ఉత్తరాఖండ్‌లో గంగోత్రి పైన మేరు పర్వతం. దాని సొరచేప రెక్క లాంటి అంచు మీదుగా పైకి చేరడానికి 2008లో ముగ్గురు ప్రయత్నించి, శిఖరానికి వంద మీటర్ల దూరంలో వెనుదిరిగారు. తిండి అయిపోయింది, కాళ్ళు చలికి దెబ్బతిన్నాయి. మళ్ళీ 2011లో వెళ్ళి ఎక్కారు. కెమెరాలు పట్టుకున్నది చిన్, రెనన్ ఓజ్‌తుర్క్, అంటే తాళ్ళకు వేలాడుతున్నవాళ్ళే. అయినా ఆ సినిమా జనం ముందుకు వచ్చింది 2015లో. కొండ మీది దృశ్యాలు ఎంత గొప్పవైనా వాటితోనే సినిమా కాలేదు. ఎలిజబెత్ చాయ్ వసర్హేలీ అనే దర్శకురాలు తర్వాత వచ్చి, ఆ ముగ్గురి కుటుంబాలతో, వాళ్ళ భయాలతో కథను మళ్ళీ అల్లితే అది నిలబడింది. కొండ ఎందుకు ఎక్కుతున్నారో తెలియనంత వరకు ఎంత ఎత్తుకు ఎక్కితే మనకేమిటి?

మీరు పదిసార్లు చూసిన సినిమా కూడా చిన్, వసర్హేలీ ఇద్దరిదే. అలెక్స్ హొనాల్డ్ 2017 జూన్ 3న ఎల్ కాపిటాన్ కొండను, దాదాపు మూడు వేల అడుగుల నిటారు బండను, తాడు లేకుండా నాలుగు గంటల లోపే ఎక్కాడు. పదకొండోసారి చూసేటప్పుడు కెమెరా ఎక్కడెక్కడ లేదో గమనించండి. అన్నిటికన్నా కష్టమైన చోట మనిషిని నిలబెట్టకుండా దూరం నుంచి నడిచే కెమెరాలు అమర్చారు, అతని చూపు చెదరకూడదని. ఎప్పుడు ఎక్కుతావని అతన్ని అడగకూడదని బృందం కట్టడి చేసుకుంది. అంతకు ముందు ఏడాది అతను కొంత ఎక్కి మధ్యలో మానుకుంటే, ఎవరూ మారు మాట అనలేదు. కింద కెమెరా పట్టుకున్న ఒకాయన చూడలేక తల తిప్పుకుంటాడు, అదీ సినిమాలో ఉంది. మన సినిమా కోసం ఎదుటివాడి ప్రాణం మీదికి రాకూడదన్న భయం వాళ్ళను ఒక్క రోజూ వదలలేదు. ఎదుట ఉన్నది మనిషైనా, పక్షైనా, ఎలుగుబంటైనా ఆ భయం మనకు ఉండాలి.

నాకు ఆ భయం ఎలా వచ్చిందో చెబుతాను. మీకు దగ్గర ఊరే. టెక్కలి మండలం తేలినీలాపురం. ఏటా గూడబాతులు, పెయింటెడ్ స్టార్క్ కొంగలు అక్కడి చెట్ల మీద గూళ్ళు కట్టి పిల్లలను చేస్తాయని మీకు తెలుసు. ఇరవై ఏళ్ళ క్రితం మొదటిసారి వెళ్ళినప్పుడు చింతచెట్టు మొదట్లోనే ట్రైపాడ్ పెట్టాను. గూడు నిండుగా కనబడాలన్న ఆత్రం. ఒక తల్లి పక్షి లేచి ఎగిరింది, పక్క గూళ్ళవి కూడా లేచాయి. ఆ గాలిదుమారంలో ఒక పిల్ల కొమ్మ అంచుకు జరిగి, జారి, నా కాళ్ళ దగ్గర పడింది. ఇంకా ఈకలు సరిగ్గా రాలేదు, మెత్తటి బూడిదరంగు నూగు. మెడ ఒకవైపు వాలిపోయింది, పెద్ద ముక్కు మాత్రం తెరుచుకుంటూ మూసుకుంటూ ఉంది. నేను కదలలేకపోయాను. పక్క ఇంట్లోంచి ఒక ముసలమ్మ వచ్చింది. చీరకొంగులో దాన్ని ఎత్తుకుంది. నన్ను తిట్టలేదు. “అవి పురుటికి పుట్టింటికి వచ్చిన పిల్లలమ్మా, పురిటిగది గుమ్మంలో అలా నిలబడతామా?” అంది. సాయంత్రానికి ఆ పిల్ల చనిపోయింది.

ఆ రోజు తీసిన ఫుటేజీలో ఒక్క క్షణం కూడా నేను వాడలేదు. తర్వాత మూడేళ్ళు వరుసగా వెళ్ళాను, ఆ ముసలమ్మ ఇంటి అరుగు మీద నుంచి దూరంగా, పాత చీర తెరగా కట్టుకుని తీశాను. ఆమె చెప్పేది వినడమే నాకు ఆ మూడేళ్ళ చదువు. ఏ చెట్టు మీద ముందు గూళ్ళు కడతాయి, ఏ ఏడు ఆలస్యంగా వచ్చాయి, ఏ ఏడు రాలేదు. ఆమె లెక్కలన్నీ మనవల పుట్టినరోజులతో ముడిపడి ఉండేవి.

ఇంకొక మాట. ఆ పక్షుల గురించి ఎవరిని అడిగినా సైబీరియా నుంచి వచ్చాయంటారు, పత్రికల్లోనూ అలాగే వస్తుంది. చలికాలంలో మన కొల్లేరుకు, పులికాట్‌కు ఉత్తరాది శీతల దేశాల నుంచి బాతులూ ఇతర పక్షులూ వచ్చే మాట నిజమే. కానీ తేలినీలాపురంలో గూళ్ళు కట్టే ఈ రెండు జాతులూ దక్షిణాసియావే, మన పక్షులే. అంత దూరం నుంచి వచ్చే అతిథులు ఇక్కడ గూడు కట్టవు, చలికాలం గడిపి వెళ్ళిపోతాయి. నా మొదటి స్క్రిప్టులో నేనూ సైబీరియా అనే రాసుకున్నాను. పక్షుల మీద పనిచేసే ఒక ఆచార్యుడు ఎర్రసిరాతో కొట్టేశారు. మీరు తీసేదాన్ని పిల్లలు చూసి నిజమని నమ్ముతారు. అందుకని ప్రతి వాక్యాన్నీ తెలిసినవాళ్ళకు చూపించి గానీ బయటపెట్టకండి.

ఇప్పుడు మీ బావి దగ్గరకు వస్తున్నాను. హిమాలయాలకు ఏటా వందల కెమెరాలు వెళ్తాయి. ఉద్దానం జీడితోటలో, తెల్లవారుజామున, పిక్కలు ఏరే ఆడవాళ్ళు ఎటువైపు చెవి పెట్టి నడుస్తారో ఎన్ని కెమెరాలు చూశాయి? జీడిపండు వాసన, పనసపండు వాసన ఎలుగుకు ఎంత దూరం చేరుతుందో, అది వచ్చే దారి ఏదో మీ ఊళ్ళో పదేళ్ళ పిల్లవాడికి తెలుసు. కొండల్లో తిండీ నీరూ తగ్గి దిగుతున్నాయని కొందరంటారు, తరతరాలుగా ఈ తోటలూ గుట్టలే వాటి ఇల్లని కొందరంటారు. ఎలుగు దాడిలో మనిషిని పోగొట్టుకున్న ఇళ్ళు ఉన్నాయి. ఆ ఇంటివాళ్ళు ఎలుగు గురించి ఏమంటారు? కబురు రాగానే వలలతో వచ్చే అటవీ సిబ్బంది ఏమంటారు? తుపానుకు తోట పోయి, మూత్రపిండాల జబ్బుతో ఇంటి పెద్ద మంచం పట్టినా, ఎలుగు భయం ఉన్నా, మర్నాడు పిక్కలు ఏరడానికి వెళ్ళక తప్పని మనిషి గుండెధైర్యం ఎల్ కాపిటాన్ ఎక్కినవాడి ధైర్యానికి ఏం తక్కువ? పైగా ఆ మనిషి మీతో మీ యాసలో మాట్లాడుతుంది, కెమెరా ఉందని బిగుసుకుపోదు. మీరు ఆమె కూతురి పెళ్ళి వీడియో తీసి ఉంటారు!

మన దేశంలో ఈ రంగంలో నిలిచినవాళ్ళు చాలామంది ఇలాగే ఒకచోట కుదురుగా నిలబడి పని చేసినవాళ్ళు. మైక్ పాండే గుజరాత్ తీరంలో జాలరులు తిమింగల సొరలను వేటాడడం చూసి తీసిన సినిమా 2000లో వచ్చింది. మరుసటి ఏడాదే ఆ చేపకు చట్టరక్షణ దొరికింది. చెన్నైకి చెందిన శేఖర్ దత్తాత్రి పదమూడేళ్ళ వయసులో అక్కడి పాముల పార్కులో స్వచ్ఛందంగా పనికి చేరాడు, ముందు పాములను నేర్చుకున్నాడు, తర్వాత కెమెరాను. సినిమా చదువు చదవలేదు. ఆయన కర్ణాటకలోని కుద్రేముఖ్ గనుల మీద తీసిన చిన్న చిత్రం, అక్కడి తవ్వకాలను ఆపించాలని సుప్రీంకోర్టు దాకా వెళ్ళినవాళ్ళకు బలమైంది. కార్తికి గోన్సాల్వెస్ ముదుమలై ఏనుగుల శిబిరంలో ఒక మావటి కుటుంబం వెంట అయిదేళ్ళు ఉంది. తీసినది వందల గంటలు, మనం చూసేది 39 నిమిషాలు. 2023లో దానికే ఆస్కార్ వచ్చింది. ఇక అస్సాంలోని తేజ్‌పూర్‌లో రీటా బెనర్జీ గ్రీన్ హబ్ పేరుతో ఈశాన్య రాష్ట్రాల పల్లెల కుర్రకారుకు కెమెరా నేర్పి వాళ్ళ అడవులను వాళ్ళ చేతే తీయిస్తున్నారు. ఇన్‌స్టిట్యూట్‌లో చదవాలా అన్న మీ ప్రశ్నకు ఇందులోనే జవాబు ఉంది. పుణె, కోల్‌కతా సినిమా సంస్థలు గొప్పవి, సందేహం లేదు. రెండేళ్ళ పాపతో, నడుస్తున్న స్టూడియోతో ఉన్న మీకు ఇప్పుడు అవి అవసరం లేదు.

కానీ ఎలుగుబంటి విషయంలో గట్టిగా హెచ్చరిస్తున్నాను. దానికి చూపు మందం. దగ్గరకు వచ్చేదాకా మనిషిని గమనించక, ఉలిక్కిపడి, పారిపోవడం మాని మీద పడుతుంది. పిల్లలను వీపున మోసుకు తిరిగే తల్లి అయితే మరీ ప్రమాదం. అలాస్కాలో తిమోతి ట్రెడ్‌వెల్ అనే ఆయన పదమూడు వేసవులు గోధుమరంగు ఎలుగుల మధ్య కెమెరాతో గడిపాడు, అవి తన స్నేహితులని నమ్మాడు. 2003 అక్టోబరులో ఆయననూ, తోడున్న స్త్రీనీ ఒక ఎలుగు చంపేసింది. మీరు చీకట్లో, ఒంటరిగా, నేల మీద నిలబడి ఎప్పుడూ తీయకండి. డాబా మీద నుంచి, మంచె మీద నుంచి, జీపులోంచి తీయండి. అది కనబడకపోతే కనబడలేదు. దాని అడుగుజాడ, చీల్చిన పుట్ట, కొరికి వదిలిన జీడిపండు తీయండి. ఎర వేయడం, పొగబెట్టి లేపడం, డ్రోనుతో తరమడం చేస్తే ఇకమీదట నాకు ఉత్తరం రాయకండి. తోటల్లో తీసినా ముందుగా మీ అటవీ రేంజ్ ఆఫీసరుకు చెప్పి తీయండి. అభయారణ్యంలో అయితే 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం అనుమతి తీసుకోకుండా అడుగు పెట్టకూడదు. కాగితాలకు నెలలు పడుతుంది, ఆ నెలలు కూడా పనిలో భాగమే.

మీ నాన్నగారు డబ్బా వాయించిన దృశ్యాన్ని మళ్ళీ చేయించాలని మీకు తప్పకుండా అనిపిస్తుంది. “నాన్నా, ఒక్కసారి అలాగే వాయించు” అని నోటి దాకా వస్తుంది. పెళ్ళిళ్ళలో తలంబ్రాలు మళ్ళీ పోయించే అలవాటు మనకు ఉంది కదా. ఈ ప్రలోభం డాక్యుమెంటరీ పుట్టిననాటిది. రాబర్ట్ ఫ్లాహర్టీ 1922లో ఉత్తర కెనడా మంచుసీమల ఇన్యూట్ ప్రజల మీద తీసిన చిత్రంలో, వెలుతురు చాలక మంచు ఇంటిని సగం కోసి, సగం ఇంట్లో సంసారం చూపించాడు. తుపాకులతో వేటాడుతున్నవాళ్ళ చేత పాతకాలపు ఈటెలు పట్టించాడు. వందేళ్ళు గడిచినా ఆ సినిమా పేరెత్తితే ఈ మాటా వస్తుంది. మీరు డబ్బా వాయింపు మళ్ళీ చేయించకండి. దాని బదులు, అరుగు మీద కూర్చుని ఆ రోజు ఏం జరిగిందో ఆయననే చెప్పమనండి. చెబుతూ చెబుతూ ఆయన చేయి దానంతటదే గాలిలో డబ్బా వాయిస్తుంది చూడండి. ఆ చేయి తీయండి.

డబ్బు మాట దాచకుండా చెబుతాను. మొదటి కొన్నేళ్ళు ఈ సినిమాలు మీకు అన్నం పెట్టవు. పెళ్ళిళ్ళే పెడతాయి, అందులో చిన్నతనం ఏమీ లేదు. నా ఇల్లు గడిచింది వ్యవసాయ శిక్షణ వీడియోలతో, ఆరోగ్య ప్రచార చిత్రాలతో. పంచాంగం తీసి చూడండి: ఆషాఢం, భాద్రపదం, పుష్యం, మధ్యలో మూఢాలు. పెళ్ళిళ్ళు లేని ఆ రోజులన్నీ మీవి. పుష్యంలో తేలినీలాపురం గూళ్ళు నిండుగా ఉంటాయి, తర్వాత కొద్దివారాలకే మీ తీరానికి ఆలివ్ రిడ్లే తాబేళ్ళు గుడ్లు పెట్టడానికి వస్తాయి. చిక్కల్లా పిక్కల కాలం, పెళ్ళిళ్ళ కాలం ఒకేసారి రావడం. ఆ రెండు మూడు నెలల్లో స్టూడియో పని కొంత వదులుకోక తప్పదు. మీరు నిజంగా పెట్టవలసిన పెట్టుబడి అదే, తోట కాదు. ముందు పది నిమిషాల చిత్రం ఒకటి పూర్తి చేయండి. పేరు లేనివాళ్ళ ఆలోచనకు ఎవరూ డబ్బు ఇవ్వరు, పూర్తయిన పది నిమిషాలు చూసి ఇచ్చేవాళ్ళు ఉన్నారు. ముంబైలో 1990 నుంచి డాక్యుమెంటరీల చిత్రోత్సవం జరుగుతోంది, కేరళలోని తిరువనంతపురంలో ఇంకొకటి, ఢిల్లీలో పర్యావరణ చిత్రాలకు వాతావరణ్ ఉంది. పంపండి, తిప్పి పంపితే మళ్ళీ పంపండి. వీలైతే తిరువనంతపురం చిత్రోత్సవానికి ఒకసారి ప్రేక్షకుడిగా వెళ్ళి రండి. ఆ కొద్ది రోజుల్లో చూసేవి, కలిసేవాళ్ళు మీకు ఏళ్ళపాటు పనికొస్తారు.

హిమాలయాలు ఎక్కడికీ పోవు. వెళ్ళే రోజున కెమెరామన్‌గా కాక విద్యార్థిగా వెళ్ళండి. డార్జిలింగ్‌లో 1954 నుంచి, ఉత్తరకాశీలో 1965 నుంచి పర్వతారోహణ సంస్థలు ఉన్నాయి. వాటిలో 28 రోజుల ప్రాథమిక కోర్సు చేయండి. 2014లో పదమూడేళ్ళకే ఎవరెస్ట్ ఎక్కిన మన మాలావత్ పూర్ణ మొదట బండలెక్కడం నేర్చుకున్నది భువనగిరి కోట గుట్ట మీద. మీరూ అక్కడ మొదలుపెట్టవచ్చు. తాడు ముడి కళ్ళు మూసుకుని వేయగలిగేదాకా కొండ మీద కెమెరా తీయకూడదు. చలిలో బ్యాటరీలు చొక్కా లోపల ఒంటికి తగిలేలా పెట్టుకోవాలి, లేకపోతే నిండా ఛార్జి ఉన్నదే గంటలో చచ్చిపోతుంది. బయటి నుంచి గుడారంలోకి వచ్చేటప్పుడు కెమెరాను సంచిలో మూసి తేవాలి, లేకపోతే లెన్సు లోపల చెమ్మ పడుతుంది. మిగతావి అక్కడ నేర్పుతారు.

మీ భార్య వద్దనకుండా, సరేననకుండా ఊరుకున్నదంటే ఆమె అడగలేని ప్రశ్న ఒకటి ఉంది. మీకేమైనా అయితే పాపా తనూ ఏం కావాలని. ఆ ప్రశ్నను మీరే ముందు ఎత్తండి. జిమ్మీ చిన్ చేత వాళ్ళమ్మ ఒట్టు వేయించుకుంది, తనకన్నా ముందు చనిపోనని. ఆమె బతికున్నంతకాలం ఆ ఒట్టు ఆయన వెంట కొండల మీదికి వెళ్ళింది. మీరు ప్రమాద బీమా తీసుకోండి, వెళ్ళే చోటూ తిరిగి వచ్చే వేళా ఆమెకు చెప్పి వెళ్ళండి, చెప్పిన వేళకు రండి. మొదటి కూర్పు అయ్యాక బయటివాళ్ళకన్నా ముందు ఆమెకు చూపించండి. ఎక్కడ ఆమె చూపు తెర మీద నుంచి పక్కకు పోయిందో అక్కడ కోయండి.

మీ నాన్నగారితో ఇప్పుడు సినిమా మాట ఎత్తకండి. ఈసారి పిక్కలు రాలడం మొదలయ్యాక ఒక తెల్లవారుజామున, కెమెరా ఇంట్లో పెట్టి, ఆయన వెనక తోటలోకి నడవండి. గంప మీరు మోయండి. ఆయన ఏ మలుపులో ఆగుతారు, ఏ పొద దగ్గర దగ్గుతారు, డబ్బా ఏ చెట్టుకు వేలాడదీశారు, బావి దగ్గరకు వచ్చేసరికి ఏ చేతిలోకి కర్ర మారుస్తారు, ఇవన్నీ చూసి ఇంటికొచ్చి రాసుకోండి. పది రోజులు అలా వెళ్ళి, ఆ పది రోజుల రాతలూ నాకు పంపండి.